వేలిముద్ర ఖరీదెంత?

మైలార్‌దేవ్‌పల్లి నుంచి శంషాబాద్ దాకా భూమి అమ్మినవాడూ కొన్నవాడూ రిజిస్ట్రీ కాగితం మీద వేలిముద్ర వేసినవాళ్లే; సంతకం వచ్చినా అది తప్పదు. 2008లో విమానాశ్రయం వచ్చాక ఇక్కడ చేతులు మారిన భూమి తక్కువేం కాదు. మరి ఆ ముద్రను దొంగిలిస్తే ఏమొస్తుంది?

2018లో పెద్దపల్లి జిల్లా ధర్మారంలో సిమ్‌కార్డుల వ్యాపారి ఒకాయన పట్టుబడ్డాడు. రిజిస్ట్రేషన్ శాఖ వెబ్‌సైటులోని దస్తావేజుల నుంచి ముద్రలు దించి, రబ్బరుస్టాంపు చేసినట్టే దొంగవేళ్లు చేశాడు. ఆధార్ నంబర్లూ ఆ కాగితాల్లోనే ఉండె. ఆ రెంటితో పరాయివాళ్ల పేర్ల మీద వేల సిమ్ములు తెరిచాడు. ఎందుకనుకున్నారు? అమ్మకాల టార్గెట్ పూర్తిచేయడానికట!

తరువాతి దొంగలు నేరుగా బ్యాంకు ఖాతాల మీదే పడ్డారు. ఆధార్‌తో డబ్బు తీసేచోట నంబరు, బ్యాంకు పేరు, వేలు ఉంటే చాలు, ఓటీపీ అడగరు. దొంగకు పెట్టుబడి కాస్త రబ్బరు. మనకో? తాళంచెవి పోతే తాళం మారుస్తాం, వేలిని మార్చలేం గదా. పెట్టింది నిజం వేలా, అచ్చా అని పసిగట్టే తనిఖీని ఆధార్ సంస్థ 2023లో తెచ్చింది. నా మటుకు నాకు అంతకంటే నమ్మకమైనది, ఆధార్ వెబ్‌సైటులో బయోమెట్రిక్‌కు తాళం వేసుకోవడం. పైసా ఖర్చు లేదు. కాని మళ్లీ తెరవాలంటే ఆధార్‌కు జతచేసిన ఫోను చేతిలో ఉండాలి. నెలనెలా రేషన్‌షాపులో వేలుపెట్టే ముసలివాళ్లలో ఎందరికి ఆ ఫోనుంది? ఆ పని ఇంట్లో చదువుకుంటున్న మనమే చేసిపెట్టాలి.

డబ్బు పోతే వెంటనే 1930కి ఫోన్ చేసి, బ్యాంకుకూ రాసివ్వాలి. తప్పు మనదీ బ్యాంకుదీ కానప్పుడు, కబురందిన 3 పనిదినాల్లో తెలియజేస్తే నష్టం ఖాతాదారు మీద వెయ్యరాదని రిజర్వుబ్యాంకు 2017లోనే చెప్పింది.