రిసెప్షన్‌కు పంచె నామోషీయా?

మాఘం వచ్చిందంటే ఊళ్లో ఇంటింటికీ శుభలేఖలు వస్తాయి. ఈ మధ్య ఒక్కో శుభలేఖలో రెండు పిలుపులుంటున్నాయి. ముహూర్తం అమ్మాయి వారి ఊళ్లో, రిసెప్షన్ గుంటూరులోనో తెనాలిలోనో కల్యాణ మండపంలో, సాయంత్రం ఏడు గంటలకు. ముహూర్తానికి ఏం కట్టుకోవాలో మనవాళ్లకు ఒకరు చెప్పనక్కర్లేదు. చిక్కంతా ఆ రెండో పిలుపుతోనే.

పంచె, కండువాతో పీటల మీద కూర్చున్న తండ్రే మర్నాడు సాయంత్రానికి ప్యాంటులోకి మారవలసి వస్తోంది. పట్నంలో ఉద్యోగం చేసే కొడుకు, "నాన్నా, మా ఆఫీసు వాళ్లు వస్తారు" అంటాడు. అంతకు మించి ఏమీ అనడు. ఆ తండ్రి చొక్కా లోపలికి దోపి, బెల్టు బిగించి, ఫొటోలో ఎవరో పరాయి మనిషిలా నిలబడతాడు. అలా మారడం ఇష్టంలేనివాడు మోకాళ్ల నొప్పులని చెప్పి ఇంటి దగ్గరే ఉండిపోతాడు. ఇలా ఆగిపోయిన పెద్దలు ప్రతి ఊళ్లోనూ ఒకరిద్దరుంటారు. రచ్చబండ దగ్గర నెమ్మదిగా అడిగి చూడండి, మోకాళ్ల సంగతి బయటపడుతుంది.

ఇంతకీ పంచె ఎక్కడ పనికిరాలేదు? పి.వి. నరసింహారావు 1991 నుంచి 1996 వరకు ప్రధానిగా ఉన్నారు. విదేశాలకు వెళ్తే మెడ మూసిన కోటు తొడిగేవారు గానీ, ఇక్కడ ఉన్నంతసేపూ పంచె, లాల్చీలే. 2004 మే నెలలో వై.ఎస్. రాజశేఖరరెడ్డి ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసిందీ పంచెకట్టులోనే. ఆ తర్వాత కుర్రకారు కూడా ఆ కట్టు నేర్చుకోవడం మనం చూశాం.

పొరుగు రాష్ట్రంలో ఈ గొడవ చట్టం దాకా వెళ్లింది. 2014 జూలైలో చెన్నైలోని క్రికెట్ సంఘం క్లబ్బులో ఒక పుస్తకావిష్కరణ సభకు పంచెతో వెళ్లిన హైకోర్టు న్యాయమూర్తిని గుమ్మంలోనే ఆపేశారు. తమిళనాడు శాసనసభ మరుసటి నెలలోనే చట్టం చేసింది. పంచె కట్టుకున్నాడని ఎవరినైనా క్లబ్బుల్లో, హాళ్లలో అడ్డగిస్తే ఏడాది వరకు జైలు, పాతికవేల రూపాయల జరిమానా. మన మండపాల దగ్గర అడ్డగించే జవాన్లెవరూ లేరు. ఆ పని మన ఇంట్లోవాళ్లే చేస్తున్నారు.

అయితే పొలం గట్టున కట్టే పంచెనే రిసెప్షన్‌కు కట్టుకు రమ్మని కాదు. అడ్డకట్టుకు నాలుగు మూరలు చాలు. గోచీ పోసి కుచ్చెళ్లు అందంగా రావాలంటే ఎనిమిది మూరలకు తగ్గకూడదు. పొడగరికి, కాస్త పొట్ట ఉన్నవారికి తొమ్మిది మూరలు ఉంటే నయం. పట్టే ఉండాలన్న నియమం లేదు. మన మంగళగిరి నేత పంచె, సన్నని జరీ అంచుది, పల్చగా గంజి పెట్టి నీడన ఆరేసి ఇస్త్రీ చేస్తే దీపాల వెలుగులో ఏ సూటుకూ తీసిపోదు. మగ్గం మీద నేసిన గుడ్డ గాలి ఆడుతుంది, జనంలో ఉక్క పోయదు. ఎడమ భుజం మీద మడత పెట్టిన కండువా, కాళ్లకు శుభ్రమైన తోలు చెప్పులు. దానితో ఆ వేషం నిండుగా ఉంటుంది.

ఇక పెళ్లికొడుకు సూటు. దాని ఖర్చు చాలాచోట్ల ఆడపిల్ల తండ్రి నెత్తినే పడుతుంది. మిర్చి అమ్మిన డబ్బులో కొంత దానికే పోతుంది. ఒక్క సాయంత్రం తొడిగి బీరువాలో వేలాడదీస్తారు. మరుసటి ఏడాదికి పొట్ట దగ్గర బొత్తాం పట్టదు. అద్దెకు తెచ్చుకుంటే తప్పేమీ లేదు, కాకపోతే రెండు రోజుల ముందే తొడిగి చూసుకోవాలి. కొత్త కోటు చేతి అంచు మీద కుట్టిన కంపెనీ గుడ్డముక్కను చాలామంది అలంకారం అనుకుని అలాగే ఉంచేస్తున్నారు. అది కొట్లో గుర్తుకోసం కుట్టింది, విప్పేయాలి. వెనక చీలికకు వేసిన అడ్డకుట్టూ అంతే. రెండు బొత్తాల కోటుకు పైది పెట్టుకుని కిందది వదిలేస్తారు. కూర్చునేటప్పుడు పైదీ తీసేస్తారు. టై కొస బెల్టు దగ్గర ఆగాలి. వైశాఖంలో మాత్రం ఉన్ని సూటు వద్దు, గుంటూరు ఎండ రాత్రి ఎనిమిదైనా చల్లారదు.

ఆడవాళ్లకు చెప్పేంత వాళ్లం కాము. ఒకటి రెండు సంగతులు మాత్రం. కొట్లో దీపాల కింద చూసిన రంగు మండపంలో అలా ఉండదు. ముదురు నీలం పసుపుపచ్చ వెలుగులో నలుపుగా కనిపిస్తుంది. చీర తీసుకునేటప్పుడు ఒకసారి వాకిట్లోకి తెచ్చి కూడా చూడండి. జరీ మీద సెంటు చల్లితే నల్లబడుతుంది. పట్టుచీరను నూలుగుడ్డలో చుట్టి, అప్పుడప్పుడు మడతలు మార్చాలి. లేకపోతే మడత దగ్గరే చిరుగుతుంది. ఇవి మన అమ్మమ్మలకు తెలిసినవే, బీరువాలు వచ్చాక మరిచాం.

పసిపిల్లల విషయంలో మాత్రం గట్టిగా చెప్పాలి. సాయంత్రం ఫంక్షన్ అనగానే వాళ్లకు కుచ్చుల నైలాన్ గౌన్లు వేస్తున్నారు. దానికి నిప్పు తగిలితే కరిగి ఒంటికి అతుక్కుంటుంది, లాగితే చర్మంతో సహా వస్తుంది. మండపం వెనకే గాడిపొయ్యిలు, బయట బాణసంచా. అక్కడ ఆడుకునే పిల్లకు నూలు పరికిణీయే వేయండి.

మాఘంలో రిసెప్షన్ ఆరుబయట పెడితే భోజనాల వేళకు మంచు మొదలవుతుంది. పెద్దవాళ్లకు ఒక శాలువా సంచిలో పెట్టుకు వెళ్లండి. తిరుగు బస్సులోనూ పనికొస్తుంది.