ఆంగ్ల పదాలలో మన పోపులపెట్టె

ఓషధులను గుర్తించే విద్యలో మా గురువులు మొదట పేర్లను వల్లె వేయించేవారు. అమరకోశంలోని వనౌషధివర్గం కంఠస్థమైన తరువాతనే మూలికను చేతికి ఇచ్చేవారు. ఇందులో గొప్ప ఆంతర్యమున్నది. ఒక్కొక్క ద్రవ్యానికి అనేక నామాలు. ఒక నామం దాని రూపాన్ని, ఒకటి గుణాన్ని, మరొకటి పుట్టిన దేశాన్ని తెలుపుతుంది. పిప్పలికి మాగధి, వైదేహి అని పేర్లు. అది మగధ, విదేహ దేశాలదని ఆ పేర్లే చెబుతున్నవి. శొంఠికి విశ్వభేషజమని పేరు. సర్వరోగాలకూ పనికివచ్చే మందు అని దాని భావం. పేరు తెలిస్తే సగం వైద్యం తెలిసినట్లే.

నేడు మా ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతాలలో సైతం చదువుకున్న ఇల్లాండ్రు ఓషధులను ఆంగ్ల నామాలతోనే అడుగుతున్నారు. అందులో దోషం లేదు. ఆ ఆంగ్ల నామాలలో పెక్కు మన దేశం నుండి వెళ్ళినవే. అయితే వెళ్ళిన పేరు తిరిగి వచ్చేసరికి కొన్నిచోట్ల దాని వెనుక ఉన్న వస్తువు మారిపోయినది. వస్తువు మారితే మందు మారుతుంది. ఈ విషయాన్ని గృహస్థులకు వివరించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

అల్లం, పిప్పళ్ళు

అల్లానికి సంస్కృతంలో శృంగవేరమని పేరు. కొమ్ముల వంటి ఆకారం గలది కనుక ఆ పేరు వచ్చినదని మన పెద్దలు చెబుతారు. దక్షిణాది భాషలలోని ‘ఇంజి’, ‘వేర్’ అనే మాటల కలయికయే సంస్కృతంలో శృంగవేరమైనదని భాషావేత్తల అభిప్రాయం. ‘వేరు’ మన తెలుగు మాట కూడా గదా! ఆ పదం పాళీలో సింగివేరమై, గ్రీకులో జింగిబెరిస్ అయి, చివరకు ఆంగ్లంలో జింజర్ అయినది. ఇక్కడ పేరు మారినా వస్తువు మారలేదు.

పిప్పలి సంగతి వేరు. పిప్పలి అనే మాటయే గ్రీకులో పెపెరి, లాటిన్‌లో పైపర్, ఆంగ్లంలో పెప్పర్ అయినది. కాని నేడు పెప్పర్ అంటే మిరియాలు. పిప్పలి పేరు మిరియాలకు పోయినది. అంతటితో ఆగలేదు. 1492లో కొలంబస్ మన దిక్కుకు త్రోవ వెదుకుతూ అమెరికా దీవులకు చేరినాడు. అక్కడి మిరపకాయ కారంగా ఉన్నందున యూరపువారు దానికీ పెప్పర్ అన్న పేరే పెట్టినారు. మనవారూ మిరియం మాట నుండే మిరప అన్నారు. ఆ విధంగా మూడు వేర్వేరు ద్రవ్యాలు ఒక్క పేరు క్రిందికి వచ్చినవి.

త్రికటు చూర్ణంలో శొంఠి, పిప్పళ్ళు, మిరియాలు మూడూ సమభాగాలుగా చేరాలి. పెప్పర్ అన్న ఒక్క మాటతో సరిపెడితే త్రికటువు ద్వికటువే అవుతుంది. మరొక సంగతి. చరకసంహిత విమానస్థానం మొదటి అధ్యాయంలో పిప్పలి, క్షారం, లవణం ఈ మూడింటిని అతిగా వాడరాదని హెచ్చరిక ఉన్నది. మిరియాల వలె పిప్పళ్ళను నిత్యం కూరలలో వేసుకోరాదు.

షుగర్, జాగరీ అన్నదమ్ములు

శర్కర అంటే సంస్కృతంలో గులకఇసుక. మూత్రంలో పడే ఇసుక వంటి రాళ్ళను కూడా సుశ్రుతుడు శర్కర అనే పేరుతోనే చెప్పినాడు. చెరకురసం గట్టిపడి పలుకులైనప్పుడు ఆ పోలిక చేతనే దానికి శర్కర అన్న పేరు వచ్చినది. ఆ మాట పారసీకంలో షకర్, అరబ్బీలో సుక్కర్, ఆంగ్లంలో షుగర్ అయినది. ఖండం అనే మాట నుండి క్యాండీ వచ్చినది. మలయాళంలోని చక్కర అనే మాటను పోర్చుగీసువారు జాగర అన్నారు. దాని నుండి బెల్లానికి జాగరీ అన్న ఆంగ్లనామం ఏర్పడినది. 1879లో కనిపెట్టిన కృత్రిమ తీపి పదార్థమైన శాకరిన్ పేరు కూడా ఈ శర్కర నుండి వచ్చినదే.

మధుమేహ రోగులు పలువురు, “పంచదార మానివేసినాము, బెల్లమే వాడుతున్నాము” అని తృప్తిపడుతూ ఉంటారు. షుగర్, జాగరీ ఒక్క ఇంట పుట్టిన పేర్లు. వస్తువులు కూడా అంతే. బెల్లంలో కొద్దిగా ఖనిజాలున్న మాట నిజమే గాని, అందులోనూ అధికభాగం పంచదారయే. రక్తంలో చక్కెరను అదీ పెంచుతుంది. ఈ బంధుత్వాన్ని మధుమేహులు మరువరాదు.

షాంపూ అంటే మర్దనం

నేడు షాంపూ అంటే తలరుద్దుకొనే నురుగు మందు. కాని ఇది ‘చాంప్నా’ అనే హిందీ క్రియ నుండి వచ్చినది. ఒళ్ళు పిసుకుట, ఒత్తుట అని దాని అర్థం. 1759లో పాట్నాలో జన్మించిన షేక్ దీన్ మహమ్మద్ ఇంగ్లండులోని బ్రైటన్‌లో 1814లో స్నానశాల నెలకొల్పి, ఆవిరి పట్టించి ఒళ్ళు మర్దన చేయించేవాడు. అప్పట్లో షాంపూ అంటే అదే. తలంటు అన్న అర్థం తరువాత వచ్చినది. మన అభ్యంగనం పేరు మాత్రం సీసాలోకి ఎక్కినది, అభ్యంగనం వెనుకబడినది. వారానికొకసారి గోరువెచ్చని నువ్వులనూనెతో ఒళ్ళు మర్దించుకొని, కుంకుడు లేక సీకాయతో తలంటుకొనే అలవాటును వదలకండి. జ్వరం, అజీర్ణం ఉన్నప్పుడు మాత్రం అభ్యంగనం కూడదు.

పందికొక్కు నేర్పే పాఠం

మన తెలుగు మాట కూడా ఒకటి ఆంగ్లంలో స్థిరపడినది. పెన్నా నీరు పారే ఆత్మకూరు వైపు వరిపొలాలలో రైతులను ఏడిపించే పందికొక్కే ఆంగ్లంలో బ్యాండికూట్. 1886లో వెలువడిన హాబ్సన్-జాబ్సన్ నిఘంటువు దీనిని తెలుగు పదంగానే పేర్కొన్నది. తరువాత ఆంగ్లేయులు ఆస్ట్రేలియాలో కనిపించిన మరొక జంతువుకూ ఇదే పేరు పెట్టినారు. అది పిల్లను సంచిలో పెంచే జంతువు. ఎలుకజాతి కానే కాదు. పైపై పోలికను బట్టి పేరు పెడితే ఇట్లే జరుగుతుంది. జంతువు విషయంలో ఇది వినోదం. ఓషధి విషయంలో ప్రమాదం.

చందనం అనే మాట నుండియే శాండల్, శాండర్స్ అనే రెండు మాటలూ పుట్టినవి. మా వెలికొండలలో పెరిగే ఎర్రచందనమే రెడ్ శాండర్స్. మధ్యయుగాలలో యూరపువారు దీని పొడిని వంటకాలకు ఎర్రరంగు రావడానికి వాడేవారు. దీనికి శ్రీగంధపు పరిమళం లేదు. రెండు చెట్లూ వేర్వేరు కుటుంబాలవి. గుణాలు కూడా వేరు. పూర్వం ఇండ్లలో ఎర్రచందనపు బొమ్మను సానమీద అరగదీసి వాపులకు, సెగగడ్డలకు పట్టు వేసేవారు. ఇది 1995 నుండి అంతర్జాతీయ వాణిజ్య నియంత్రణలో ఉన్న వృక్షం. అడవిలో నరకడం నేరం.

అన్నింటికన్న ముఖ్యమైనది

గ్రీకు భాషలో ‘తీయని వేరు’ అని అర్థమిచ్చే మాట నుండి లికరైస్ అనే ఆంగ్ల పదం వచ్చినది. అది మన అతిమధురం, అనగా యష్టిమధుకం. ఇది మన కొండలలో పెరగదు; ఇరాన్, ఆఫ్ఘనిస్తాన్ వంటి దేశాల నుండి వస్తుంది. అయితే ఆంగ్ల గ్రంథాలలో ఇండియన్ లికరైస్ అని మరొక తీగ కనిపిస్తుంది. అది గురివింద! దాని ఆకు, వేరు కొంత తియ్యగా ఉండటమే ఈ పేరుకు కారణం. కాని దాని గింజలో ఆబ్రిన్ అనే ఘోరవిషమున్నది. నమిలిన ఒక్క గింజ పసిబిడ్డ ప్రాణం తీయగలదు. మన శాస్త్రం గుంజను ఉపవిషాలలో చేర్చినది.

ఆత్మకూరు నుండి ఒక గృహిణి నా వద్దకు గురివింద కాయలు మూటగట్టి తెచ్చి, “అయ్యా, ఇండియన్ లికరైస్ దగ్గుకు మంచిదని చదివినాను. పిల్లవాడికి ఎంత మోతాదు ఇవ్వాలి?” అని అడిగినది. కంచెమీద ఉచితంగా దొరికినందుకు ఆమె సంతోషంగా ఉన్నది. “అమ్మా, ఇది అతిమధురం కాదు, గురివింద. దంచవద్దు” అని చెప్పి, ఆ గింజలను అక్కడే తీసివేయించి, చేతులు కడిగించి పంపినాను. దంచి ఇచ్చిన తరువాత అడిగి ఉంటే చెప్పడానికేమీ మిగిలేది కాదు. పొరపాటున పిల్లలు గురివింద గింజలు మింగితే ఇంటి చికిత్సలతో కాలం వృథా చేయక వెంటనే ఆసుపత్రికి తీసుకొనిపోవాలి. అసలైన అతిమధురాన్ని కూడా రక్తపోటు గలవారు, గర్భిణులు వైద్యుని అడగక వాడరాదు.

గృహస్థులు ఒక నియమం పాటించాలి. పుస్తకంలో ఆంగ్లనామం చూసినప్పుడు దాని తెలుగు నామం, సంస్కృత నామం, వృక్షశాస్త్ర నామం మూడూ సరిచూసుకోండి. అతిమధురమైతే గ్లిసిరైజా గ్లాబ్రా, గురివిందయైతే ఆబ్రస్ ప్రికటోరియస్. మూడు పేర్లూ ఒకే వస్తువును చూపితేనే కల్వంలో వేయండి. ఒక్కటి కుదరకపోయినా తెలిసిన వైద్యునికి చూపించిన తరువాతనే వాడండి.