కన్నతల్లి, పెంచినతల్లి: ఒక మూగచిత్రము

1932లో జపాను దర్శకుడు మికియో నరుసే, షోచికు సంస్థకై ‘నసనునకా’ అను మూగచిత్రమును నిర్మించెను. కన్నపేగు కాని బంధమని ఆ పేరునకు భావము. పసిబిడ్డను విడిచి అమెరికాకు పోయి, హాలీవుడ్డులో తారగా పేరు గడించిన తమాయె, కొన్నేండ్లకు టోక్యోకు తిరిగివచ్చి కుమార్తెను తనకిమ్మని కోరును. ఆ బిడ్డకు తల్లి యనిన పెంచిన మసాకోయే! బలవంతమున తీసికొనిపోయినను బిడ్డ మనసు కన్నతల్లి వెంట పోలేదు. తుదకు తమాయె సత్యము గ్రహించి, బిడ్డను మసాకోకు విడిచి మరల ఓడ నెక్కును.

మూగచిత్రములైనను జపానులో అవి మౌనముగా నడువలేదు. తెరప్రక్కన ‘బెన్షి’ అను వ్యాఖ్యాత నిలిచి కథ చెప్పుచు, పాత్రల మాటలు పలికెడివాడు. తోలుబొమ్మలాట చూచిన మనకిది వింత గాదు. ఇట్టి ఎడబాటును మనకు క్రొత్త గాదు. 1921 నాటి తొలి తెలుగు మూగచిత్రము ‘భీష్మ ప్రతిజ్ఞ’కు నాయకుడైన దేవవ్రతుడు, భారతకథలో, తండ్రికి దూరముగా పెరిగి, యౌవనమున గంగచే ఆయనకు అప్పగింపబడినవాడే.

నేడు ఈ కథను హైదరాబాదు సైబరాబాదులో తలచుకొనవలసియున్నది. 1998లో సైబర్ టవర్స్ వెలసిన పిమ్మట మాదాపూరు, గచ్చిబౌలి ప్రాంతములు వేలాది యువదంపతులకు జీవనాధారములైనవి. వారిలో పసిబిడ్డను ఊరిలోని అమ్మమ్మయొద్ద నుంచి కొలువు చేయువారు కలరు. ఇచటినుండి విదేశములకు పోయి, బిడ్డను తాతగారింట పెంచువారును కలరు. రాత్రివేళ సెల్‌ఫోను తెరపై తల్లి ముఖము కనబడును. మాట తెగినప్పుడు పెదవులు మాత్రము కదలును. బడియీడు రాగానే ఆ బిడ్డను తీసికొనిపోవుదురు.

తమాయె కీర్తికై పోయినది. వీరిని ఇంటి అద్దెయు, అప్పులును, రాత్రి కొలువులును విడదీసినవి. కావున నిందింపదగినవారెవరును లేరు. నరుసే కూడ తమాయెను దుష్టురాలిగా నిలిపి కథ ముగింపలేదు. బిడ్డపై హక్కెవరిదన్న ప్రశ్నను ప్రక్కకు త్రోసి, భయపడినపుడు బిడ్డ ఎవరి ఒడి చేరునని అడిగెను.

అయితే మన ఇండ్లలో ఒక తల్లి ఓడ నెక్కిపోవలసిన పని లేదు. తల్లి ముందుగా ఊరికి వచ్చి కొన్నాళ్లు బిడ్డతో నుండవచ్చును. అమ్మమ్మ నగరమునకు తోడుగా పోవచ్చును. అమ్మమ్మ కొంగు విడువని బిడ్డను మొండివాడనుట తగదు.

ఉపాధ్యాయులకును ఇందొక పని కలదు. క్రొత్తగా చేరిన బిడ్డ పాఠము వినక వాకిలివంక చూచుచుండిన, మందలించుటకు ముందు, ఆ బిడ్డ ఎవరిని విడిచి వచ్చెనో అడిగి తెలిసికొనవలెను.