కనబడని పోగు

కోలారు జిల్లా మాలూరు తాలూకాలో మాస్తి అను గ్రామమున్నది. ఆ ప్రాంతపు ఊళ్ళలో కన్నడముతోపాటు తెలుగును వినబడును. ఈ ఊరి పేరు దేశమంతట తెలియుటకు కారకులు మాస్తి వెంకటేశ అయ్యంగారు. 1891లో జన్మించిన వీరు మైసూరు సంస్థానములో పెద్ద ఉద్యోగము చేయుచునే, 'శ్రీనివాస' అను మారుపేరుతో కన్నడ కథలు వ్రాసిరి. 1983వ సంవత్సరపు జ్ఞానపీఠ బహుమానము అందునాటికి వారు తొంబదియేండ్లు దాటిన వృద్ధులు.

ఆ కథలలో ఆర్భాటము లేదు. ఇంటి పెద్ద అరుగుపై కూర్చుండి చెప్పుచున్నట్లుండును. చదువువారికి శ్రమ కనబడదు. అయితే అది తేలికగా వచ్చినదని నేతవాడు మాత్రము నమ్మడు. బాగుగా సరిచేసిన పడుగు చడీచప్పుడు లేక సాగును. గంజి సరిగా పట్టని పడుగే మాటిమాటికి తెగి తన సంగతి చాటుకొనును.

మన ఇండ్లలో ఆ పడుగు ఎవరి చేతిపని? రాట్నముపై కండెలు చుట్టునది, ఆసుపోయునది చాలచోట్ల ఆడవారే. అచ్చు అతుకుట చూడుడు. పాత పడుగు కొసకు కొత్త పోగును ఒక్కొక్కటిగా చేర్చి వ్రేళ్ళతో మెలిపెట్టవలెను. పట్టుచీరకు అట్టి పోగులు వేలు. ఒక్కటి వరుస తప్పినను మగ్గము మీద బయటపడును. అంతయు సరిగా కుదిరినచో ఏమియు కనబడదు! కొనువారు అంచును, బుటాను మెచ్చుకొందురు గాని అతికినదెవరని అడుగరు.

వారు అడుగకున్న పోనిండు. మన లెక్కలలోనైన ఉండవలదా? 2019-20 అఖిల భారత చేనేత గణనలో నేతపనివారు 26 లక్షల 73 వేలు, అనుబంధ పనివారు సుమారు 8 లక్షల 48 వేలు అని తేలినది. మొత్తములో నూటికి 70కి పైగా స్త్రీలే. అయినను చీరకు కూలి ఇచ్చునప్పుడు పుస్తకములో ఎక్కునది తరచు మగ్గముపై కూర్చున్నవాని పేరొక్కటే.

"ఇంటి డబ్బే గదా" అని కొందరందురు. ఇంటిదే, కాదనము. కాని భర్త గతించిన పిమ్మట, ముప్పదియేండ్లు కండెలు చుట్టితినని చూపుకొనుటకు ఆమెవద్ద కాగితము ముక్కయైన ఉండదు. సహాయము కోరి సంఘమునకు వచ్చినపుడు గుమాస్తా వెదకునది ఆ పుస్తకమునే.

కూలి పుస్తకములో ఒక గడి ఎక్కువ గీసి, ఆసుపోసినవారి పేరు, కండెలు చుట్టినవారి పేరు, అచ్చు అతికినవారి పేరు వ్రాయించుడు. వచ్చే నెల పడుగులతోనే మొదలుపెట్టవచ్చును.