నలభై వేల కళ్ల గుడి

జపాన్‌లో వాకయామా నగరం శివార్లలో, సముద్రాన్ని ఆనుకుని కదా అనే రేవు ఊరు ఉంది. అక్కడి అవాషిమా గుడిలోకి అడుగుపెడితే ముందు కనిపించేది దేవుడు కాదు, బొమ్మలు. ఎర్రటి గుడి అరుగు మీద పట్టుబట్టల రాజులూ రాణులూ, ఆవరణలో పులులు, కప్పలు, ముఖతొడుగులు జాతివారీగా బారులు తీరి ఉంటాయి. మొత్తం సుమారు 20,000. దగ్గరికెళ్లి ఒక రాణిబొమ్మను చూడండి. ఆల్చిప్పల పొడిని జిగురుతో కలిపి పూసిన తెల్లటి ముఖం, సన్నగా గీసిన కళ్లు. ఒక్కటైతే ముద్దొస్తుంది. వందల ముఖాలు ఒకేసారి మనవైపే చూస్తుంటే మాత్రం ఒళ్లు జలదరిస్తుంది.

ఇవన్నీ ఒకప్పుడు ఎవరో ఒకరి ఇంట్లో తిరిగినవే. పాతబడ్డాయని చెత్తలో వేయడానికి చేతులు రాక గుడికి అప్పగించినవి. వందేళ్లు నిండిన వస్తువుకు ప్రాణం వస్తుందనీ, సంవత్సరాంతపు బూజు దులుపుళ్లలో బయట పారేస్తే పగబడుతుందనీ అక్కడ పాత కథలున్నాయి. క్యోటోలోని ఒక ఆలయంలో భద్రపరిచిన 16వ శతాబ్దపు చిత్రపటంలో సామాన్లకు కాళ్లొచ్చి రాత్రివేళ ఊరేగుతుంటాయి. అందులో ఒక వాద్యం మరో వాద్యాన్ని పగ్గం కట్టి నడిపించుకుపోతుంది!

ఆ భయం వెనకే కృతజ్ఞత కూడా ఉంది. ఏటా ఫిబ్రవరి 8న విరిగిన సూదులకు అవాషిమా గుడిలో పూజ జరుగుతుంది. టోక్యోలోని సెన్సోజీ ఆలయంలో అదే రోజున వాటిని మెత్తటి టోఫూలో (సోయా పనీర్‌లో) గుచ్చుతారు. గట్టి గుడ్డల్లో దూరి దూరి అలసిన సూదికి అదే విశ్రాంతి. మార్చి 3న అవాషిమాలో బొమ్మలను పడవల్లో పేర్చి సముద్రంలోకి వదులుతారు. ఆ రోజు వచ్చే బొమ్మల పండుగకు జపనీయులు ఇళ్లలో ఎర్రగుడ్డ పరిచిన మెట్ల మీద బొమ్మలు పేరుస్తారని తెలిస్తే మన బొమ్మల కొలువు గుర్తురాక మానదు. ఖాళీ ఊయల ఊపొద్దని, వట్టి కత్తెర ఆడించొద్దని మనింట్లో పెద్దలు కసురుతారు. ఆ పెద్దలే పెళ్లిపనులు మొదలెట్టే రోజు రోలుకూ రోకలికీ పసుపు రాసి బొట్టు పెడతారు. మన చేతుల్లో అరిగిన వస్తువును ప్రాణం లేనిదిగా చూడలేకపోవడం అక్కడా ఇక్కడా ఒకటే.

అవాషిమా గుడికి వెళ్లాలంటే ఒసాకాలోని నంబా స్టేషన్‌లో నన్‌కాయ్ రైలెక్కి వాకయామాషిలో దిగి, కదా లైనుకు మారాలి. ఆ లైనులో చివరిది కదా స్టేషనే. అక్కడి నుంచి గుడికి ఇరవై నిమిషాల నడక. మార్చి 3న జనం ఎక్కువ. తీరిగ్గా చూడాలంటే మరో రోజు వెళ్లడం మేలు. దారిలో బొమ్మను గుడ్డలో చుట్టి ఒడిలో పెట్టుకున్నవారు ఎదురైతే, వాళ్లూ అక్కడికే.