మౌంట్ డూమ్: నిప్పు కంటే బురదే ప్రమాదం

‘ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్’ చూసినవారికి ఆ దృశ్యం గుర్తుండే ఉంటుంది. మిడిల్ ఎర్త్ అనే కల్పిత లోకంలో మౌంట్ డూమ్ అనే భయంకరమైన అగ్నిపర్వతం. ఉంగరాన్ని చేజిక్కించుకున్న గొల్లమ్ అందులోని లావాలో పడి మెల్లగా మునిగిపోతాడు. ఉంగరం మాత్రం కాసేపు పైనే ఉండి, ఆ తర్వాత కరిగిపోతుంది. జె.ఆర్.ఆర్. టోల్కీన్ నవల 1954-55లో వెలువడింది. ఈ దృశ్యం దాని ఆధారంగా పీటర్ జాక్సన్ తీసిన మూడో చిత్రంలోది (2003).

కథగా చూస్తే అద్భుతమే. భౌతికశాస్త్రం ప్రకారం చూస్తే దాదాపు తలకిందులు!

మునగాల్సింది ఎవరు?

మన శరీర సాంద్రత ఘన సెంటీమీటరుకు సుమారు 1 గ్రాము. లావాది సుమారు 2.5 గ్రాములు. ఆర్కిమిడీస్ సూత్రం ప్రకారం లావాలో పడిన శరీరంలో 40 శాతమే లోపలికి దిగుతుంది, మిగతాది పైనే తేలుతుంది. బంగారం సాంద్రత 19.3 గ్రాములు. అంటే మునగాల్సింది ఉంగరమే. అయితే లావా తేనె కంటే ఎన్నో రెట్లు చిక్కగా ఉంటుంది కాబట్టి చిన్న ఉంగరం వెంటనే అడుగుకు చేరదు. ఆ మేరకు సినిమాను మన్నించవచ్చు.

మరి కరుగుతుందా? బంగారం 1,064 డిగ్రీల సెల్సియస్ వద్ద కరుగుతుంది. లావా ఉష్ణోగ్రత దాని రసాయన కూర్పును బట్టి సుమారు 800 నుంచి 1,200 డిగ్రీల మధ్య ఉంటుంది. కాబట్టి అన్ని లావాలూ బంగారాన్ని కరిగించలేవు.

అసలు లావా దాకా పోనవసరం లేదు. వేడి వస్తువు వెదజల్లే వికిరణం దాని పరమ ఉష్ణోగ్రతకు నాలుగో ఘాతంలో పెరుగుతుంది. 1,100 డిగ్రీల వద్ద మెరిసే లావా ఉపరితలం చదరపు మీటరుకు దాదాపు 200 కిలోవాట్ల శక్తిని వెదజల్లుతుంది. మిట్టమధ్యాహ్నపు ఎండలో మనపై పడేది సుమారు ఒక కిలోవాటే. ఆ లావాకు దగ్గరగా, గుహలో బండ అంచున నిలబడి మాట్లాడుకోవడం ఫ్రోడోకే కాదు, ఎవరికీ సాధ్యం కాదు.

తెర వెనుక కొండలు

తెరపై మౌంట్ డూమ్‌గా కనిపించింది న్యూజిలాండ్‌లోని న్గౌరుహోయె అగ్నిపర్వతం. దాని శిఖరం మావోరీ ప్రజలకు పవిత్రం. అందుకే వాలు దృశ్యాలను పక్కనే ఉన్న రువాపేహు కొండ మీద చిత్రీకరించారు. రువాపేహు కూడా సజీవ అగ్నిపర్వతమే. దాని శిఖరాన ఒక బిలం, ఆ బిలంలో ఒక సరస్సు ఉన్నాయి. కొండ నిజంగా ప్రాణాలు తీసింది ఆ నీటితోనే.

1945లో రువాపేహు పేలినప్పుడు సరస్సు ఖాళీ అయింది. నీరు బయటికి పోయే దారిలో బూడిద, రాళ్లు పేరుకుని ఒక సహజమైన కట్ట ఏర్పడింది. దాని వెనుక ఏళ్ల తరబడి నీరు చేరింది. 1953 డిసెంబర్ 24 రాత్రి ఆ కట్ట తెగింది. ఆ సమయంలో కొండ పేలలేదు, పొగ కూడా హెచ్చరించలేదు. నీరు, మంచు, బూడిద, బండరాళ్లు కలిసిన బురద వరద నదిలోకి దూకి, టాంగివాయ్ వద్ద రైలు వంతెనను దెబ్బతీసింది. కొద్ది నిమిషాలకే క్రిస్మస్‌కు ఊళ్లకు వెళ్తున్నవారితో ఆక్లాండ్ ఎక్స్‌ప్రెస్ వచ్చింది. రైల్లో ఉన్న 285 మందిలో 151 మంది చనిపోయారు. మావోరీ భాషలో టాంగివాయ్ అంటే ‘విలపించే నీళ్లు’.

ఇలాంటి బురద వరదను ‘లహార్’ అంటారు. ఇది ఇండోనేషియా నుంచి వచ్చిన మాట. దాని బలం వెనుక ఉన్నదీ ఆర్కిమిడీస్ సూత్రమే. ఒక ఘనమీటరు బండ బరువు 2.6 టన్నులు అనుకుందాం. నీటిలో అది 1.6 టన్నులే తూగుతుంది. నీటికి రెండు రెట్ల సాంద్రత ఉన్న బురదలో 0.6 టన్నులే. అందుకే మామూలు వరద కదిలించలేని బండలను లహార్ సులువుగా మోసుకుపోతుంది.

రెండోసారి ఏం జరిగింది?

1995-96లో రువాపేహు మళ్లీ పేలింది. మళ్లీ అలాంటి కట్టే ఏర్పడింది. ఈసారి శాస్త్రవేత్తలకు రాబోయేది ముందే తెలుసు. సరస్సు నీటిమట్టాన్ని కొలిచే పరికరాలు, నేల ప్రకంపనలను పసిగట్టే జియోఫోన్లు, కట్ట తెగితే తెగిపోయే తీగలు అమర్చారు. 2007 మార్చి 18న కట్ట తెగగానే హెచ్చరిక మోగింది. రోడ్లు మూశారు, రైళ్లు ఆపారు. లహార్ అదే లోయలో పరుగెత్తింది, కానీ ఒక్కరూ చనిపోలేదు.

మన దేశంలో సజీవ అగ్నిపర్వతం అండమాన్ సముద్రంలోని బారెన్ ద్వీపం ఒక్కటే. అక్కడ జనం లేరు. కానీ వదులుగా పేరుకున్న రాళ్లూ మట్టీ కట్టలుగా నిలిచిన సరస్సులు హిమాలయాల్లో ఎన్నో ఉన్నాయి. అక్కడ కట్ట కట్టేది అగ్నిపర్వతం కాదు, హిమానీనదం. 2023 అక్టోబర్ 3 రాత్రి సిక్కింలోని దక్షిణ ల్హోనక్ సరస్సు ఇలాగే ఉప్పొంగి తీస్తా లోయను ముంచెత్తింది. చుంగ్‌థాంగ్ వద్ద జలవిద్యుత్ ఆనకట్ట కొట్టుకుపోయింది, ఎందరో ప్రాణాలు కోల్పోయారు.

మౌంట్ డూమ్ దూరం నుంచే ఎర్రగా మండుతూ భయపెడుతుంది. నిజమైన కొండల్లో ప్రమాదం చాలాసార్లు నిశ్చలంగా కనిపించే సరస్సు రూపంలో ఉంటుంది. సరస్సు నుంచి ఊరు చేరడానికి వరదకు కొంత సమయం పడుతుంది. టాంగివాయ్‌లో 1953లో వృథా అయిందీ, 2007లో పనికొచ్చిందీ ఆ కాస్త సమయమే.