పింజారి యింటి గాయకుడు

పల్నాటి కథను మేము చిన్ననాట ఇంటనే, శ్రీనాథుని పేర వెలసిన ద్విపదలో చదువుకొంటిమి. మా దాచేపల్లికి కారెంపూడి దూరము కాదు. ఆ రణభూమి చెంత పారెడు నాగులేరే మా యూరికిని వచ్చును. అయినను మాంచాల తన మగనిని యుద్ధమునకు సాగనంపు ఘట్టమున ఒడలు గగుర్పొడుచుట మాకు గ్రంథమువలన కలుగలేదు. షేక్ నాజరుగారి బుర్రకథను రికార్డులో విన్నప్పుడు కలిగినది. వీథిపాటయని చులకన చేసిన మా చదువునకు ఆనాడు సిగ్గు కలిగెనని ఒప్పుకొనవలయును.

నాజరుగారు 1920 ఫిబ్రవరి 5వ తేదీన గుంటూరు సీమలోని పొన్నెకల్లున జన్మించిరి. తండ్రి మస్తాను, తల్లి బీనాబీ. దూదేకుట వారి కులవృత్తి. మన నేలలో పత్తి పండించిన వారికి పేరు కలదు, ఏకినవారికి లేదు. పైగా పింజారియన్నది తిట్టయి కూర్చున్నది. అంగడాల వెంకటరమణమూర్తిగారు గ్రంథస్థము చేసిన ఆయన జీవితకథకు ఆ మాటయే పేరు.

బాల్యమున నాటకములలో దేవకిగా, రుక్మిణిగా వేషములు కట్టిరి. నరసరావుపేటలో మురుగుళ్ల సీతారామయ్యగారి యొద్ద సంగీతము నేర్చిరి. కడుపుకొరకు బట్టలు కుట్టిరి. ప్రజానాట్యమండలిలో చేరిన పిమ్మట ఆయన కంఠమునకు తగిన చోటు దొరకినది.

జంగము కథయే బుర్రకథకు మూలము. కథకుడు భుజమున తంబుర నానించి, వ్రేళ్ల అందెలు మ్రోయించుచు, గజ్జెల కాళ్లతో ముందునకు వెనుకకు అడుగులు వేయును. ప్రక్కల నిద్దరు వంతలు గుమ్మెటలు వాయింతురు; ఒకరు నవ్వింతురు, ఒకరు దేశపు సంగతు లెత్తుదురు. నాజరుగారు పల్నాటి యుద్ధముతోపాటు బెంగాలు కరవునుగూడ పాడిరి. 1943లో అచ్చట లక్షలమంది అన్నము లేక మడిసిరి; పత్రిక చదువలేని మన పల్లెతల్లులు ఆ దుఃఖమును పాటలో వినిరి. ట్రినిడాడు ద్వీపమున కాలిప్సో పాటకులును ఇట్లే ఊరివార్తను, దొరల తప్పును పాటగా కట్టుదురు. 1934లో అచ్చటి ప్రభుత్వము చట్టము చేసి వారిని అదుపు చేయ జూచినది. ఇచ్చటను 1940 దశకమున మదరాసు ప్రభుత్వము బుర్రకథను నిషేధించినది. గుమ్మెట చప్పుడునకు దొరతనము జంకుట మాకు వింతగా నున్నది.

ఆ కాలముననే మోటూరు ఉదయంగారు మొదలగు స్త్రీలును దళముగా నేర్పడి బుర్రకథ చెప్పిరి. గజ్జె కట్టి నడివీథిని నిలిచిన ఆ యిల్లాండ్రు ఎన్ని మాటలు పడిరో సోదరీమణులు ఊహింపగలరు.

నాజరుగారు 1953లో ‘పుట్టిల్లు’ చిత్రమున కానవచ్చిరి, 1986లో పద్మశ్రీ పొందిరి, 1997లో కన్నుమూసిరి. కార్తికమున కారెంపూడిలో వీరుల యుత్సవములు జరుగు దినములందు మా పిల్లలు ఆ రికార్డునే పెట్టుమందురు. పొయ్యిమీది యెసరు దించి మేమును కూర్చుందుము.